గ్యాలరీకెక్కిన గోడ

బెజవాడలో ఫ్లెక్సీ మిషను దిగిన ఏడాదే పీరుకు యాభై నిండాయి. తనను ముసలివాణ్ణి చేసింది వయసో మిషనో ఆయనకు తేలలేదు. అంతకుముందు ముప్పై ఏళ్ళపాటు భవానీపురం నుంచి హనుమాన్ జంక్షన్ దాకా రోడ్డుకు రెండు పక్కలా కనబడిన అక్షరాల్లో సగం ఆయన చేతివే. ఎరువుల కొట్టు గోడ మీద పళ్ళన్నీ బయటపెట్టి నవ్వే రైతు ఆయన వేసినవాడే. టైర్ల షాపు మీద టైరులోంచి దూకే పులీ ఆయనదే. ఎన్నికలొస్తే ఒకే గోడ మీద పొద్దున ఒక పార్టీకి, సాయంత్రం దానికి సున్నం కొట్టి ఇంకో పార్టీకి రాసి, ఇద్దరిచేతా శభాష్ అనిపించుకున్న మనిషి.

ఫ్లెక్సీ వచ్చాక ఎవరికీ బొమ్మ గీయించుకునే ఓపిక లేకపోయింది. పుట్టినరోజు జరుపుకునే ప్రతి గల్లీ నాయకుడి మొహమూ గంటలో అచ్చయి కూడలికెక్కుతోంది. ఆ మొహాలను చూసినప్పుడల్లా, చేత్తో వేయాల్సిన అవసరం తప్పినందుకు పీరు కొంత ఊరట కూడా పొందేవాడు. కానీ ఊరటతో ఇల్లు గడవదు గదా. స్కూలు గోడల మీద సూక్తులు, ఆటోల వెనక ‘అమ్మ దీవెన’లు, మిగిలిన పని అదీ.

ఆయనకు చిన్నప్పటినుంచీ ఒకటే కోరిక. తనను జనం ఆర్టిస్టు అనాలి. జనం మాత్రం పెయింటరు పీరు అనేవారు. ఇంటికి సున్నం వేసేవాడూ పెయింటరే, గేటుకు రంగు పూసేవాడూ పెయింటరే, పులిని దూకించినవాడూ పెయింటరేనా అని ఆయన బాధ. అందుకే వేసిన ప్రతి బొమ్మ కిందా ‘పీరు ఆర్ట్స్, భవానీపురం’ అని, పక్కనే ఫోన్ నంబరూ రాసేవాడు. పనికి వెళ్ళేటప్పుడు ఇస్త్రీ ప్యాంటు, టక్ చేసిన చొక్కా. నిచ్చెన ఎక్కినా టక్ చెదిరేది కాదు.

2004లో, కృష్ణా పుష్కరాలకు నాలుగు నెలల ముందు, బెంజ్ సర్కిల్ దగ్గర్లో ఒక అద్దాల మేడ లేచింది. పేరు ‘రాగరేఖ ఆర్ట్ గ్యాలరీ’. కట్టించినాయన వెంకటకృష్ణారావు గారు. కైకలూరు వైపు రొయ్యల మేత వ్యాపారంలో బాగా గడించారు. కల్యాణ మండపం కట్టారు, కాలేజీ పెట్టారు, గుడికి మకరతోరణం చేయించారు. అయినా ఏదో వెలితి. రొయ్యలకు మేత వేసి సంపాదించినదాన్ని మనుషులకు కళ వేసి ఖర్చుపెట్టాలని ఎవరో సలహా ఇచ్చారు.

గ్యాలరీ నడపడానికి మాణిక్యం అనే కుర్రాణ్ణి పెట్టుకున్నారు. సొంతూరు ఉయ్యూరే గానీ బరోడాలో రెండేళ్ళు ఆర్ట్ చదివి రావడంవల్ల అతని తెలుగు కాస్త తడబడేది. ఉయ్యూరు నుంచి వాళ్ళమ్మ ఫోన్ చేసినప్పుడు మాత్రం ఏ తడబాటూ ఉండేది కాదు.

పీరు ఇంట్లో తన కోసం వేసుకున్న బొమ్మలు మూడున్నాయి. బ్యారేజీ దిగువన వల విసిరే మనిషి, బీసెంటు రోడ్డులో వాన, కుట్టుమిషను ముందు తన భార్య షహజాది. మూడింటినీ పాత దుప్పట్లో చుట్టి, రెండు బస్సులు మారి, ఆయన రాగరేఖకు వెళ్ళాడు.

మాణిక్యం బొమ్మల వంక చూశాడు. తల పక్కకు వంచి మళ్ళీ చూశాడు.

“ఏ స్కూలు?” అన్నాడు.

“మున్సిపల్ స్కూలండీ. ఏడో క్లాసు దాకా.”

“అది కాదు. ఆర్ట్ ఎక్కడ నేర్చుకున్నావు?”

“గవర్నర్‌పేటలో మా గురువు గారి దగ్గరండీ. సినిమా బ్యానర్లు వేసేవారు.”

మాణిక్యం నిట్టూర్చాడు. “చూడు పీరూ, నీ చేతిలో పనితనం ఉంది, కాదనను. కానీ ఇది వాన, ఇది వల, ఈవిడెవరో బట్టలు కుడుతోంది. చూడగానే తెలిసిపోతోంది.”

“తెలియకూడదాండీ?”

“అదే సమస్య. చూసేవాడికి పని మిగల్లేదు.”

పీరు చుట్టూ చూశాడు. ఎదుటి గోడకు ఆరడుగుల తెల్లటి గుడ్డ బిగించి ఉంది. దాని మీద ఒక్క గీత కూడా లేదు. కింద చిన్న అట్టముక్క మీద ‘శూన్యం - 3’ అని ఉంది. ఆయన దగ్గరకు వెళ్ళి, వృత్తిలో ఉన్న మనిషి గనుక, అంచులు పరిశీలించాడు.

“ప్రైమర్ శుభ్రంగా కొట్టారండీ. ఎక్కడా పొర లేవలేదు,” అన్నాడు మెచ్చుకోలుగా. “బొమ్మ ఎప్పుడు మొదలుపెడతారు?”

మాణిక్యం ఆయన్ను తలుపు దాకా సాగనంపాడు. ఆ మర్యాద మరీ త్వరగా జరిగింది.

మెట్ల దగ్గర వెంకటకృష్ణారావు గారు ఎదురయ్యారు. చంకలో దుప్పటి మూట, జేబులో బ్రష్షులు చూసి మనిషిని పోల్చుకున్నారు. “ఏమోయ్, పెయింటరువా? సమయానికొచ్చావు. బయట కాంపౌండు గోడ ఉందా? ఊళ్ళో మగాళ్ళంతా దానికే వస్తున్నారు. లోపల కళ, బయట కంపు. రేపు పెద్దవాళ్ళొస్తారు. ఏదన్నా రాసి ఆపించు.”

పీరుకు మనసు చివుక్కుమంది. కానీ గోడ బాగుంది. నున్నటి ప్లాస్టరు, ముప్పై అడుగుల పొడవు, ఎదురుగా రోడ్డు. అటువంటి గోడ దొరికి ఏడాదయింది. ఒప్పుకున్నాడు.

‘ఇచ్చట మూత్ర విసర్జన చేయరాదు’ అని రాశాడు. ఎర్ర అక్షరాలు, వాటికి పసుపు నీడ, చుట్టూ లతలు. రాసి రోడ్డవతల నుంచొని చూశాడు. జనం వచ్చారు. అక్షరాలన్నీ ఓపిగ్గా చదివారు. చదువుతూనే వచ్చిన పని కానిచ్చారు. రిటైరయిన తెలుగు మాస్టారొకాయన పని మధ్యలో తల ఎత్తి, “ఆ ‘ర్జ’ చూడండి, ఎంత ముద్దుగా తిప్పాడో,” అని పక్కాయనకు చూపించాడు కూడా.

“లాభం లేదు. దేవుళ్ళను వేసెయ్,” అన్నారు వెంకటకృష్ణారావు గారు. “వరసగా నలుగురిని వెయ్. ఒక్కడు కూడా రాడు.”

“వేస్తానండీ. కానీ ఎప్పుడన్నా ఒక తాగుబోతు వచ్చాడనుకోండి. వాడు చేసిన పని ఎవరూ అడగరు. ఆ దేవుణ్ణి అక్కడ వేసింది ఎవరని అడుగుతారు. సాయిబు అని తెలుస్తుంది. మీ గ్యాలరీ పేపరుకెక్కుతుంది, నేను స్టేషనుకెక్కుతాను.”

ఆయన ఆలోచనలో పడ్డారు. “మరేం వేస్తావు?”

పీరు రోడ్డవతలికి చూశాడు. అక్కడ గొడుగు కింద నాంచారమ్మ కూర్చుని ఉంది. బందరు దగ్గర గిలకలదిండి నుంచి రోజూ తెల్లవారి బస్సులో చేపల తట్టతో వచ్చి, మధ్యాహ్నం దాకా అక్కడే అమ్ముతుంది. ఈ గోడ దగ్గరకు ఎవడు వచ్చినా కత్తిపీట మీంచి తలెత్తి ఒక చూపు చూస్తుంది. ఆ చూపు తగిలినవాళ్ళలో సగం మంది వెనక్కి తిరిగిపోవడం పీరు రెండు రోజులుగా గమనిస్తున్నాడు. మిగతా సగం ఆవిడ వైపు వీపు పెట్టినవాళ్ళు.

“అక్కా, నీ బొమ్మ వేస్తాను, ఆ గోడ మీద,” అన్నాడు వెళ్ళి.

“నాదెందుకయ్యా? నేనేమన్నా సినిమా దాన్నా?”

“సినిమా వాళ్ళను చూసి ఎవడూ భయపడడం లేదు.”

నాంచారమ్మ కొంగు సర్దుకుంది. “వేస్తే వెయ్యి. ముక్కుపుడక సరిగ్గా రావాల. మా అమ్మది. మరి నవ్వమంటావా?”

“వద్దక్కా. రోజూ వాళ్ళను ఎట్లా చూస్తావో అట్లా చూడు.”

మూడు రోజులు పట్టింది. రెండు డ్రమ్ముల మీద చెక్క వేసుకుని పైనుంచి కిందికి వేశాడు. పదడుగుల ఎత్తు నాంచారమ్మ. కత్తిపీట ముందు ఒక కాలు మడిచి, చేతిలో కొరమీనుతో, చేప మీంచి చూపెత్తి నేరుగా మన కళ్ళలోకి చూస్తోంది. గోడకు ఏ మూల నిలబడినా అక్కడికే చూస్తోంది. చివర్లో కుడివైపు అడుగున అలవాటు ప్రకారం ‘పీరు ఆర్ట్స్, భవానీపురం’, ఫోన్ నంబరు.

నాలుగో రోజు పొద్దున లారీ ఆపి ఒక డ్రైవరు హడావుడిగా వచ్చాడు. లుంగీ ఎత్తబోయి తలెత్తాడు. ఒక్క క్షణం అట్లాగే ఉండిపోయి, “తప్పయిందమ్మా,” అని గోడతో చెప్పి, వెనక్కి నడిచి లారీ ఎక్కాడు. ఇవతల అసలు నాంచారమ్మ పగలబడి నవ్వింది. ఆ రోజు నుంచి గోడ ఎండిపోయింది.

వారం తిరిగేసరికి షేర్ ఆటోవాళ్ళు ఆ స్టాపును ‘నాంచారమ్మ గోడ’ అనడం మొదలుపెట్టారు. కాలేజీ పిల్లలు వచ్చి పక్కన నిలబడి ఫొటోలు దిగారు. ఒకాయన ఎక్కడి నుంచో వచ్చి పసుపు కుంకుమ పెట్టి కొబ్బరికాయ కొట్టాడు. నాంచారమ్మ రోడ్డు దాటి వెళ్ళి, “నేను బతికుండగానే నాకీ గోలేందయ్యా!” అని తిట్టి, చిప్పలు రెండూ తీసుకెళ్ళి పచ్చడి చేసుకుంది. లోపల ‘శూన్యం’ ఒకటి నుంచి తొమ్మిది దాకా చల్లటి ఏసీలో ప్రశాంతంగా ఉన్నాయి. గ్యాలరీ తలుపు తోసుకుని వచ్చేవాళ్ళు పెరిగిన మాట నిజం. వాళ్ళంతా అడిగేది ఒకటే: “ఆ గోడ మీద బొమ్మ వేసినాయన ఇక్కడుంటాడాండీ?”

“ఇక్కడ అటువంటివాళ్ళు ఉండరు,” అనేవాడు మాణిక్యం.

పుష్కరాలు దగ్గరపడ్డాక హైదరాబాదు నుంచి ఒక కళావిమర్శకుణ్ణి పిలిపించారు. ఆయన శూన్యాలన్నిటి ముందూ గడ్డం నిమురుకున్నాడు. తొమ్మిదోదాని తర్వాత సిగరెట్టు కోసం బయటికొచ్చాడు. సిగరెట్టు వెలిగించకుండానే అరగంట నిలబడ్డాడు. ఆ ఆదివారం ఇంగ్లీషు పేపర్లో సగం పేజీ రాశాడు. బెజవాడ వీధుల్లో ఒక అజ్ఞాత చిత్రకారుడు గ్యాలరీ వ్యవస్థకే సవాలు విసిరాడట. సరిగ్గా గ్యాలరీ గోడనే ఎంచుకోవడంలో గొప్ప ధిక్కారం ఉందట. ఆ చేప వినియోగదారుడేనట. బొమ్మ కింద ఫోన్ నంబరు రాయడం, కళను సరుకుగా మార్చిన మార్కెట్టు మీద పదునైన వ్యంగ్యమట. ఆ నంబరుకు ఒకసారి ఫోన్ చేసి చూద్దామని మాత్రం ఆయనకు తోచలేదు. అజ్ఞాత చిత్రకారుడు ఆ పూట ఇంట్లోనే ఉన్నాడు, ఫోన్ పక్కనే.

సోమవారం పొద్దున ఫోన్ మోగింది.

“పీరు గారూ! నేనండీ, వెంకటకృష్ణారావుని. ఒకసారి కారు పంపిస్తున్నాను,” అన్నారు ఆయన. ‘ఏమోయ్’ ఎక్కడికి పోయిందో తెలియలేదు.

వెళ్ళేసరికి మాణిక్యం తలుపు దగ్గరే ఎదురొచ్చాడు. “సర్, మీలోని ఆ రానెస్, ఆ పచ్చిదనం నేను మొదటిరోజే గమనించాను సర్.”

“అవునండీ. తలుపు దాకా వచ్చి మరీ గమనించారు,” అన్నాడు పీరు.

విషయం ఏమిటంటే, అంత గొప్ప బొమ్మ ఎండకూ వానకూ రోడ్డు మీద ఉండకూడదు. గోడనే కోసి లోపల పెడతారు. మద్రాసు నుంచి మనుషులొచ్చారు. కోత మిషన్లతో ఆ పన్నెండడుగుల గోడముక్కను కోసి, ఇనప చట్రం బిగించి, మొదటి అంతస్తులో ఒక అద్దం విప్పి, క్రేనుతో లోపలికి దించారు. రోడ్డంతా ఆగి చూసింది. నాంచారమ్మ గాల్లో ఊగుతూ వెళ్ళిపోతుంటే అసలు నాంచారమ్మ గొడుగు కింద లేచి నిలబడి, “ఎవురన్నా ఆపండయ్యా, నన్ను ఎత్తుకుపోతన్నారు!” అని అరిచింది. జనం నవ్వారు. ఆవిడ నవ్వలేదు.

పీరు చేత ఒక కాగితం మీద సంతకం పెట్టించుకున్నారు. ఆయన ఇకనుంచి ‘రాగరేఖ’ వీధి చిత్రకారుడు. నెలనెలా జీతం. షరతు ఒకటే. ఇంకెక్కడా గోడల మీద బొమ్మలు వేయకూడదు. వీధుల్లో ఎక్కడపడితే అక్కడ దొరికితే వీధి చిత్రానికి విలువ పడిపోతుందని మాణిక్యం వివరించాడు.

సాయంత్రం ఇంట్లో ఆ సంగతి చెబితే షహజాది కుట్టుమిషను ఆపింది.

“గోడల మీద బొమ్మలు వేయకుండా ఊరుకున్నందుకు జీతమా?”

“అవును.”

“ఆ లెక్కన రెండేళ్ళుగా మీరు గొప్ప పనిలోనే ఉన్నారండీ. నాకే తెలియలేదు.” మళ్ళీ మిషను తొక్కింది. తర్వాత మెల్లగా, “మీకు ఇష్టమైతే చెయ్యండి. ఎండలో నిచ్చెన ఎక్కకుండా ఉంటారు. నేను అదొక్కటే చూస్తున్నాను,” అంది.

పీరుకు ఇష్టంగానే ఉంది. అబద్ధం దేనికి. ఆర్టిస్టు అంటున్నారు. ‘సర్’ అంటున్నారు. పేపర్లో ఫొటో వేశారు. దాన్ని కత్తిరించి బీరువా తలుపుకు లోపలివైపు అంటించుకున్నాడు. పనికి వెళ్ళిన మొదటిరోజు ఇస్త్రీ ప్యాంటు, టక్‌తో వెళితే మాణిక్యం మొహం మాడింది.

“సర్, ఏమనుకోకండి. విజిటర్స్ వీధి చిత్రకారుణ్ణి చూడాలని వస్తారు. మీరు బ్యాంకు క్యాషియర్‌లా ఉన్నారు. రేపటినుంచి లుంగీ, రంగు మరకల బనీను వేసుకు రండి. గడ్డం కూడా కొంచెం...”

“నా బట్టల మీద మరకలు పడవండీ. ముప్పై ఏళ్ళ అలవాటు.”

“మేము వేస్తాం సర్.”

అట్లా పీరు లుంగీలో, ఎవరో పూసిన మరకలతో, నాంచారమ్మ బొమ్మ పక్కన కుర్చీలో కూర్చునేవాడు. చూడవచ్చినవాళ్ళు బొమ్మను చూసి, ఆయన్ను చూసి, “మీ ప్రేరణ ఏమిటండీ?” అని అడిగేవారు. “మూత్రమండీ,” అని మొదట్లో ఉన్నదున్నట్టు చెప్పాడు. మాణిక్యం వద్దన్నాక ఊరికే నవ్వేవాడు. ఆ నవ్వులో చాలా లోతుందని ఒకావిడ నోట్‌బుక్‌లో రాసుకుంది.

ఒకరోజు చూస్తే కోతలో అదిరిన చోట, కొరమీను తోక దగ్గర, చిన్న పెచ్చు లేచింది. పీరు ఇంటినుంచి బ్రష్షు తెచ్చి దిద్దబోయాడు. మాణిక్యం పరిగెత్తుకొచ్చి చెయ్యి పట్టుకున్నాడు.

“సర్, సర్! ముట్టుకోకూడదు.”

“నా బొమ్మే గదయ్యా. తోక ఊడిపోతోంది.”

“అది ఇప్పుడు ఆర్ట్‌వర్క్ సర్. ఊడితే ఊడనివ్వాలి. బాగు చెయ్యాలంటే ఢిల్లీ నుంచి నిపుణుడు రావాలి.”

పీరు బ్రష్షు జేబులో పెట్టుకుని కూర్చున్నాడు. ఆ సాయంత్రమంతా తోక వంకే చూశాడు. తన చేతులు ఒళ్ళో ఎవరివో వస్తువుల్లా ఉన్నట్టు అనిపించింది.

రెండో నెలలో ఒక మధ్యాహ్నం కింద గేటు దగ్గర గొడవ వినబడింది. కిటికీలోంచి చూస్తే నాంచారమ్మ. తట్ట నెత్తిన ఉంది. వాచ్‌మన్ నాగబాబు రెండు చేతులూ చాచి అడ్డం నిలబడ్డాడు. అతను రోజూ ఆవిడ దగ్గరే చేపలు కొంటాడు. ఉద్యోగం గనుక ఇప్పుడు ఆవిడెవరో తెలియనట్టు నిలబడ్డాడు.

పీరు దిగి వెళ్ళాడు. ఆవిడ ఆయన్ను పైనుంచి కిందదాకా చూసింది.

“ఏందయ్యా ఆ యేసం? ఒంట్లో బాగుండలేదా?”

“బాగానే ఉన్నానక్కా. రా, నీ బొమ్మ చూద్దువు గానీ.”

మెట్ల మీద మాణిక్యం ఎదురొచ్చి ఇంగ్లీషులో మొదలుపెట్టి, ఆవిడకు అర్థం కాదని గుర్తొచ్చి, పీరు చెవి దగ్గర తెలుగులో ముగించాడు. “ఏసీ హాలు సర్. వాసన బయటికి పోదు. సాయంత్రం ఫ్రాన్స్ వాళ్ళొస్తున్నారు.”

“బొమ్మలో కూడా చేపలున్నాయి గదండీ.”

“అవి వాసన రావు గదా సర్.”

ఈ మాట నాంచారమ్మ చెవిన పడింది. “నేనేం చూడక్కర్లేదులే నాయనా. నా మొగం రోజూ అద్దంలో చూసుకుంటానే ఉన్నా,” అంది. “నేనొచ్చింది అందుక్కాదు. పీరయ్యా, నువ్వు ఆ గోడ కోయించి పైకెక్కించావు. అక్కడ రేకులు నిలబెట్టారు. మళ్ళీ మగాళ్ళు మొదలెట్టారు. ఈసారి రేకుల సందులోంచి నీళ్ళు రోడ్డు దాటి నా తట్ట కాడికొస్తన్నయ్. నలభై గజాలు అవతలికి జరిగా. అక్కడ నా బేరగాళ్ళకు నేను కనబడను. పద్దెనిమిదేళ్ళ చోటయ్యా అది. నా బొమ్మ వేస్తానంటే వెయ్యమన్నా. నా బొమ్మ తీసుకుని నా చోటు పోగొడతావని అనుకోలేదు.”

ఆవిడ అరవలేదు. అరిస్తే పీరు తట్టుకునేవాడు. తట్ట సర్దుకుని వెళ్ళిపోయింది. పీరు లుంగీ మీది మరకల వంక చూసుకున్నాడు. అందులో ఒక్కటీ తన రంగు కాదు. తను ఎప్పుడూ వాడని ఊదారంగు.

మర్నాడు పొద్దున ఇస్త్రీ ప్యాంటు వేసుకుని, టక్ చేసుకుని, రంగు డబ్బాలు తీశాడు. షహజాది నిచ్చెన సైకిలుకు కట్టడానికి రెండో కొస పట్టుకుంది.

రాగరేఖకు ఆనుకుని ఉన్నది శౌరమ్మ గారి ఇల్లు. ఆవిడ కాన్వెంటు స్కూల్లో హెడ్‌మిస్ట్రెస్‌గా చేసి రిటైరయ్యారు. రేకులు వచ్చాక మగాళ్ళ గుంపులో సగం ఆవిడ గోడకే మళ్ళింది. పీరు గేటు కొట్టి విషయం చెప్పాడు.

“నాంచారమ్మనే వేస్తావా?” అన్నారు ఆవిడ.

“లేదమ్మా. ఇది మీ గోడ. మిమ్మల్నే వేద్దామని.”

ఆవిడ కళ్ళజోడు సర్దుకున్నారు. “బెత్తం కూడా వెయ్యి,” అన్నారు. బెత్తం ఇంకా ఇంట్లోనే ఉంది. తెచ్చి చూపించారు.

రెండు రోజుల్లో అయింది. ఆ దారిలో నడిచే నడివయసు మగాళ్ళలో ముప్పాతికమంది ఆవిడ దగ్గర చదివినవాళ్ళో, ఆవిడచేత తన్నులు తిన్నవాళ్ళో. గోడ ముందుకొచ్చి ఒకాయన తెలియకుండానే చొక్కా గుండీ పెట్టుకున్నాడు. ఆవిడ చూపు పక్కనున్న రేకుల దాకా అందడంతో అక్కడా తడి ఆరింది. నాంచారమ్మ పాత చోటుకు తిరిగొచ్చి గొడుగు పాతింది. బొమ్మ చూసి మూతి విరిచింది. “పంతులమ్మకు చీర మడతలన్నీ శ్రద్ధగా వేశావే,” అంది గానీ, ఆ పూట పీరుకు రెండు బొమ్మిడాయిలు ఊరికే ఇచ్చింది.

ఇక ఆగలేదు. ఆసుపత్రి వెనక గోడకు ముప్పై ఏళ్ళుగా అక్కడే పనిచేస్తున్న నర్సమ్మను వేయమన్నారు. రైతుబజారువాళ్ళు గంగాదేవి అనే కూరగాయలావిడ కోసం వచ్చారు. ఎవరి గోడకు వాళ్ళ వీధిలో అందరూ జడిసే ఆడమనిషి ఉండనే ఉంది. ఆ వీధిలో అడిగితే పేరు చెప్పడానికి ఎవరూ తడుముకోలేదు.

నెల తిరక్కుండానే రిజిస్టరు పోస్టులో రాగరేఖ తరఫున లాయరు నోటీసు వచ్చింది. సుప్రసిద్ధ వీధి చిత్రకారుడు శ్రీ పీరు గారి విశిష్ట శైలిని అనుకరిస్తూ, భవానీపురం నివాసి పీరు అనే పెయింటరు నగరంలో నకిలీ బొమ్మలు వేస్తున్నాడని, తక్షణం ఆపకపోతే చర్య తప్పదని అందులో ఉంది. పీరు రెండుసార్లు చదివాడు. మూడోసారి షహజాదికి పైకి చదివి వినిపించాడు. ఇద్దరూ చాలాసేపు నవ్వారు. తర్వాత ఆయనకు కాస్త భయమూ వేసింది. కోర్టు మొహం ఎరగని మనిషి.

నోటీసు జేబులో పెట్టుకుని వెంకటకృష్ణారావు గారి దగ్గరకే వెళ్ళాడు. ఆయన ఒంటరిగా గ్యాలరీలో ఉన్నారు. ‘శూన్యం - 6’ కింద కూర్చుని అరటిపండు తింటున్నారు.

“ఏం తక్కువ చేశాను పీరూ?” అన్నారు. ‘గారు’ మళ్ళీ పోయింది గానీ గొంతులో కోపం కంటే బాధే ఎక్కువగా ఉంది. “ఊరూ పేరూ లేనివాడివి, పేరు తెచ్చాను.”

“రెండూ ఉన్నాయండీ. గోడ కింద ఫోన్ నంబరుతో సహా రాసుకున్నాను. మీ పేపరాయనే చదవలేదు.”

“మరి దీన్నేం చెయ్యమంటావు?” ఆయన అరటితొక్కతో నాంచారమ్మ వైపు చూపించారు. “ఎవరూ కొనడం లేదు. ఎత్తి తీసుకుపోవడానికి లారీ కావాలంటున్నారు.”

“ఆ గోడ మీ సొంతమండీ. దాని మీద బొమ్మకూ డబ్బు ఆనాడే ఇచ్చేశారు. ఉంచుకోండి.” పీరు జేబులోంచి బ్రష్షు తీశాడు. “ఆ తోక మాత్రం దిద్దనివ్వండి.”

వెంకటకృష్ణారావు గారు అటూ ఇటూ చూశారు. మాణిక్యం భోజనానికి వెళ్ళాడు. “కానీ, త్వరగా,” అన్నారు.

పది నిమిషాల్లో తోక బాగయింది. బయటికొస్తుంటే ఆ ఏసీ చలవ వీపును వదిలిన చోట ఎండ చుర్రుమంది. ‘సర్’ అనే పిలుపు ఇక వినబడదని గుర్తొచ్చి కొంచెం కష్టంగానే తోచింది పీరుకు. ఆ కష్టం సైకిలు ఎక్కి బందరు రోడ్డు మీదికి వచ్చేదాకా ఉంది.

నోటీసు మీద చర్య ఏమీ జరగలేదు. పీరును పీరు అనుకరించాడని ఏ జడ్జి ముందు ఎట్లా వాదించాలో లాయరుకే తోచి ఉండదు. మరో రెండేళ్ళకు వెంకటకృష్ణారావు గారికి కళ మీద మనసు తప్పి, అంతర్జాతీయ పాఠశాల మీదికి పోయింది. శూన్యాలు తొమ్మిదీ ఒకే ఆటోలో వెళ్ళాయి. గోడముక్కను కదిలించడం ఎవరివల్లా కాలేదు. ఆ అంతస్తును ఎంసెట్ కోచింగ్ సెంటరుకు అద్దెకిచ్చారు. ఇప్పుడు రెండు వందలమంది పిల్లలు పదడుగుల నాంచారమ్మ ఎదుట కూర్చుని లెక్కలు చేస్తారు. ఆ హాల్లో నిద్రపోయినవాడు ఇంతవరకూ లేడట. మాణిక్యం హైదరాబాదులో ఒక యూనివర్సిటీలో చేరాడు. వీధి చిత్రకళ మీద సెమినార్లలో మాట్లాడతాడని, పీరును కనిపెట్టింది తనేనని చెబుతాడని నాగబాబు ద్వారా తెలిసింది.

2008 నాటికి బెజవాడ నుంచి బందరు దాకా గోడల మీద నలభై ఒక్కమంది ఆడవాళ్ళు తేలారు. ఆ ఏడాది వేసవిలో పీరు పామర్రు బస్టాండు వెనక గోడ దగ్గర నిచ్చెన వేసుకుని ఉన్నాడు. బస్టాండు ఊడ్చే మార్త కింద నిలబడి ఉంది. చీపురు భుజాన పెట్టుకుని, తల పైకెత్తి, తన మొహం గోడ మీద తయారవడం చూస్తోంది. ముక్కూ గడ్డమూ అయిపోయాయి. కళ్ళు మిగిలాయి.

“తొందరగా కానియ్యండి బాబాయ్, రెండు బస్సులొచ్చేసినయ్, అట్టా ఉండిపోయింది చెత్త.”

“కళ్ళొక్కటే అమ్మా. కాస్త ఇటు చూడు. మరీ అంత కోపంగా కాదు, సొంత పిల్లలు జడుసుకుంటారు.”

మార్త చీపురు ఆ భుజం మీంచి ఈ భుజానికి మార్చుకుంది.

“పిల్లల సంగతి నేను చూసుకుంటాలెండి. ఇంకాస్త కోపంగానే వెయ్యండి. సాయంత్రం మా ఆయన ఈ దారినే వస్తాడు.”

పీరు బ్రష్షు నల్లరంగులో ముంచాడు.